హాస్యగాడికి తాళం ఎవరు వేశారు?

బుర్రకథకు వెళ్తే నా కన్ను హాస్యపు వంత మీదే. కథకుడు వీరరసంలో ఊగిపోతుంటే పక్కన గుమ్మెట కొడుతూ అడ్డుమాటలు వేసేవాడి పని తేలికనిపిస్తుంది. కాదు. కథ ముందే కట్టి ఉంటుంది. వీడి మాట మాత్రం ఎదుటి జనాన్ని చూశాకే పుట్టాలి.

బర్మాలోని రంగూన్‌లో ఇలాంటివాళ్లకు అన్యెయింట్ అనే ఆట ఉంది. నర్తకి ఆడి పాడి ఊపిరి తీసుకునేలోపు విదూషకులు దిగి లోకాన్నంతా ఏకిపారేస్తారు. 1961లో ఆ ఊళ్లోనే పుట్టిన జర్గనార్ పళ్లు బాగుచేసే చదువు చదివి, జనం పళ్లు బయటపెట్టించే పనిలో పడ్డాడు. బర్మాకు టీవీ వచ్చింది 1980లో. అది సర్కారుదే. అందులో కనిపించి ఇంటింటికీ తెలిసినవాడయ్యాడు.

1988 ప్రజాస్వామ్య ఉద్యమంలో ఒకసారి జైలు చూశాడు. 1990 మేలో రంగూన్‌లోని యాంకిన్‌లో ఉన్న ఉపాధ్యాయ శిక్షణ కళాశాల స్టేడియంలో వేలమంది ఎదుట సైనికాధినేత జనరల్ సా మౌంగ్‌ను అనుకరించాడు. ఐదేళ్ల శిక్ష పడింది.

నాకు ముచ్చటేసేది ఇక్కడే. అసలు మనిషి తెలియకపోతే అనుకరణ పండదు. ఆ అసలు మనిషిని జనానికి బాగా అలవాటు చేసింది సర్కారు టీవీయే! ప్రేక్షకుల్ని వాళ్లే తయారుచేసి పెట్టారు, అతను వెళ్లి నోరు విప్పాడంతే.

మన వరంగల్ నేరెళ్ల వేణుమాధవ్ కూడా నాయకుల గొంతులే పలికించాడు. ఆయన్ని 1972లో శాసన మండలికి పంపారు. విద్య ఒకటే, దక్కిన చోట్లు వేరు.

2008లో నర్గీస్ తుఫాను బాధితులకు తోటి కళాకారులతో సాయం మోస్తూ, సర్కారు సాయం ఎలా ఉందో విదేశీ విలేకరులకు చెప్పాడు జర్గనార్. ఈసారి 59 ఏళ్లు వేశారు, తర్వాత 35కి తగ్గించారు. 2011 అక్టోబరులో వదిలారు.

మూణ్నెల్లు తిరగకుండానే రంగూన్‌లో స్వేచ్ఛ మీద లఘుచిత్రాల పండుగ పెట్టించినవాళ్లలో అతనూ ఉన్నాడు. అక్కడ జనాన్ని బాగా నవ్వించిన చిత్రం సెన్సారు బోర్డు మీద తీసిందే.