ముగ్గురు తండ్రులు: పీట్ పోస్టల్‌త్వెయిట్ నటన

తెలుగు సినిమా వ్యవహారంలో ‘క్యారెక్టర్ ఆర్టిస్టు’ అంటే నాయకుడు కాని నటుడనే స్థూలార్థం. అటువంటి నటుణ్ణి ఎన్ని రకాల వేషాలు వేశాడన్న లెక్కతో తూచడం విమర్శలో పరిపాటి. బ్రిటిష్ నటుడు పీట్ పోస్టల్‌త్వెయిట్ (1946-2011) విషయంలో ఈ కొలబద్ద చాలదు. పొడుచుకువచ్చిన ఆ చెంప ఎముకలను ఏ ఆహార్యమూ దాచలేదు. చతుర్విధాభినయాల్లో ఆయన బలం సాత్త్వికం. మూడు తండ్రి పాత్రలను పక్కపక్కన పెట్టి చూస్తే ఇది తెలుస్తుంది.

టెరెన్స్ డేవీస్ చిత్రం ‘డిస్టెంట్ వాయిసెస్, స్టిల్ లైవ్స్’ (1988)లో ఆయనది లివర్‌పూల్ శ్రామిక కుటుంబంలోని క్రూరుడైన తండ్రి పాత్ర. క్రిస్మస్ ముందురాత్రి నిద్రిస్తున్న పిల్లల చెంత ఆర్ద్రంగా నిలబడినవాడే, పండుగ భోజనపు బల్లమీది గుడ్డను లాగి సమస్తం నేలపాలు చేస్తాడు. కారణం చెప్పే సంభాషణ లేదు; నటుడూ సూచించడు. రెంటిలో ఏది అసలు మనిషో ప్రేక్షకుడు తేల్చుకోలేడు.

జిమ్ షెరిడాన్ ‘ఇన్ ద నేమ్ ఆఫ్ ద ఫాదర్’ (1993)లోని జుసెప్పె కాన్లన్, చేయని నేరానికి శిక్షపడి 1980లో ఖైదీగానే మరణించిన బెల్‌ఫాస్ట్ వాసి. తండ్రీకొడుకులు ఒకే జైలుగదిలో ఉండటం చరిత్ర కాదు, చిత్రకల్పన. ఆ కల్పనలో డానియల్ డే-లూయిస్ ఆవేశానికి ఎదురుగా నిలిచేది ఈ తండ్రి తగ్గుస్వరం. దీనికి ఆస్కార్ సహాయనటుడి నామినేషన్ లభించింది. చిత్రం పేరులోనే ఉన్న తండ్రిని ‘సహాయ’ పాత్ర అనడం కొంత విడ్డూరమే.

‘బ్రాస్డ్ ఆఫ్’ (1996)లో డానీ, మూతపడబోతున్న యార్క్‌షైర్ బొగ్గుగని కార్మికుల బ్యాండుకు నిర్వాహకుడు. ఊపిరితిత్తుల నిండా బొగ్గుధూళి. కొడుకు ఫిల్ అప్పుల్లో మునిగి ఉంటే తండ్రికి కనిపించేది పాడైన ట్రాంబోన్ మాత్రమే. మొదటి తండ్రి చేత్తో చేసిన హింసను ఇతడు సంగీతం పేరిట చేస్తాడు. చివర ఆల్బర్ట్ హాల్‌లో, గెలిచిన బహుమతిని నిరాకరిస్తూ, సంగీతం కంటే మనుషులే ముఖ్యమంటాడు. ఈ ప్రసంగాన్ని ప్రభుత్వ విధానంపై ధిక్కారంగా చదవడం సులభం. ఆత్మహత్యకు ప్రయత్నించి బతికిన కొడుకు వింటుండగా పలికిన మాటలవి. వాటిలో ధిక్కారంతో సమానంగా క్షమాపణ ఉంది. ఉపన్యాసధోరణి తొంగిచూడకుండా ఆయన పలికినందువల్లే ఆ రెండో అర్థం వినిపిస్తుంది.

బుల్లితెరపై ఫలితం ఎప్పుడూ ఇలా లేదు. ‘షార్ప్’ ధారావాహికలోని హేక్స్‌విల్ (1994) జనాదరణ పొందినా, అక్కడ ముఖపు వంకరలు సాత్త్వికాన్ని మింగేశాయి. ‘లాస్ట్ ఫర్ వర్డ్స్’ (1999)లో మాత్రం ఆయన కొడుకు. పక్షవాతంతో మాట జారిపోతున్న తల్లిగా థోరా హర్డ్ నటిస్తుంటే, ఎదురుగా కూర్చున్న ఆయన చేసే పని దాదాపుగా వినడమే.