డబ్బు సంచి కాదు నిర్మాత
నిర్మాత అంటే డబ్బు పెట్టే మనిషేనన్న అభిప్రాయం మనలో బలంగా ఉంది. హాంకాంగ్ యుద్ధవిద్యల సినిమాలకు ప్రపంచమంతటా ప్రేక్షకులను సంపాదించిపెట్టిన రేమండ్ చౌ పనితనం చూస్తే అది సగం నిజమేనని తెలుస్తుంది. పాత్రికేయుడిగా మొదలై, షా బ్రదర్స్ చిత్రసంస్థ ప్రచార విభాగంలో చేరి, నిర్మాణ బాధ్యతల దాకా ఎదిగిన ఆయన 1970లో లెనార్డ్ హోతో కలిసి గోల్డెన్ హార్వెస్ట్ స్థాపించారు. షా వారికి భారీ స్టూడియో, ఒప్పందాలతో కట్టిపడేసిన నటీనటులు ఉన్నారు. కొత్త సంస్థకు అంత బలగం ఎక్కడిది? అందుకే చౌ స్వేచ్ఛనూ వాటానూ ఎరవేశారు. షా వారి షరతులు నచ్చని నటుడు బ్రూస్ లీ ఇటు వచ్చాడు. అతనితో థాయిలాండ్‌లో తీసిన ‘ది బిగ్ బాస్’ 1971లో హాంకాంగ్ వసూళ్ల రికార్డును తిరగరాసింది. ఆ పైన చౌ, లీ ఇద్దరూ భాగస్వాములుగా కాంకర్డ్ సంస్థ పెట్టారు. ఆ సంస్థ తీసిన ‘వే ఆఫ్ ది డ్రాగన్’ రచన, దర్శకత్వం లీవే.

ఇదంతా లీ ప్రతిభ, చౌది అదృష్టమేనని కొందరంటారు. అదృష్టమే అయితే 1973 జూలైలో లీ మరణంతో గోల్డెన్ హార్వెస్ట్ కుప్పకూలాలి. కూలలేదు. మైకేల్ హుయ్ హాస్యచిత్రాలు దాన్ని నిలబెట్టాయి. తర్వాత సంస్థ నటుడు జాకీ చాన్ చేతికీ దర్శకత్వం అప్పగించింది. లీ వదిలిపోయిన దృశ్యాలకు అతుకులేసి 1978లో ‘గేమ్ ఆఫ్ డెత్’ విడుదల చేయడం మాత్రం సమర్థించలేం, అది వట్టి వ్యాపారం. ఆ ఒక్క మచ్చ పక్కనపెడితే, ప్రతిభకు వాటా ఇవ్వడం తెలిసిన నిర్మాతల్లో చౌది ముందువరసే.