నేల కింద మట్టి గిన్నెలు

బహ్రెయిన్‌లోని మామీర్ ఊరి పక్కనే చమురు శుద్ధి కర్మాగారం, చుట్టూ వర్క్‌షాపులు. అక్కడి నుంచి ద్వీపం ఉత్తరపు ఒడ్డుకు వెళ్తే కలాత్ అల్ బహ్రెయిన్ కోట వస్తుంది. కోట ఉన్న దిబ్బ అడుగున ప్రాచీన దిల్మున్ రాజ్యపు నగరం ఉంది. 1950లలో పి.వి. గ్లోబ్, జెఫ్రీ బిబీ నడిపిన డెన్మార్క్ బృందం అక్కడ ఒక పెద్ద భవనాన్ని తవ్వింది. గదుల నేల కింద మట్టి గిన్నెలు దొరికాయి. గంజి పోసుకు తాగడానికి సరిపోయే మామూలు గిన్నెలే. వాటిలో కొన్నింట పాము ఎముకలున్నాయి.

ఇవి సుమారు 2500 ఏళ్ల నాటివి. గిన్నె మీద బొమ్మా లేదు, నగిషీ లేదు. కుమ్మరి దీన్ని వంటింటికే చేసి ఉంటాడు. నన్ను కట్టిపడేసింది దాన్ని నేలలో పెట్టిన చేతుల శ్రద్ధ. గిన్నె పట్టేంత గుంట తీశారు. పామును గుడ్డలో పెట్టి, చుట్టగా అమర్చారు. పక్కన ఒక్క పూస వేశారు, అదీ ఎంతో చిన్న ఫిరోజా పూస. ఒక గిన్నెలో మాత్రం ముత్యం ఉంది. తర్వాత మూత పెట్టారు. ఇక ఆ పని ఎవరి కంటా పడదని తెలిసే అంత పొందికగా చేశారు! ఆ నేల మీదే మనుషులు నడిచారు.

మనం నాగుల చవితికి పాలు పట్టుకుని పుట్ట దగ్గరికి వెళ్తాం. వాళ్లు పామునే ఇంటి అడుగుకు తెచ్చుకున్నారు. ఎందుకన్నదానికి బిబీ ప్రాచీన మెసొపొటేమియా వీరుడు గిల్గమేష్ కథను గుర్తు చేశాడు. గిల్గమేష్ కాళ్లకు రాళ్లు కట్టుకుని నీటి అడుగుకు దిగి, ముసలితనాన్ని పోగొట్టే మొక్కను తెస్తాడు. దాన్ని పాము తినేస్తుంది. బహ్రెయిన్ ముత్యాల వేటగాళ్లు మునిగిందీ కాళ్లకు బరువు కట్టుకునే. ఆ మొక్క ముత్యమే కావచ్చని బిబీ ఊహ. రుజువు లేకపోయినా, గిన్నెలోని ముత్యాన్ని చూస్తే ఆ ఊహను తోసెయ్యడం కష్టం.

తవ్వినవాళ్ల పనితనమూ తక్కువది కాదు. పాముకు వందల వెన్నుపూసలుంటాయి, సన్నటివి. తొందరపడి ఒక్క పార వేసి ఉంటే పాము, పూస, గుడ్డ ఆనవాలు అన్నీ మట్టిలో కలిసిపోయేవి.

మనామాలోని జాతీయ మ్యూజియంలో ఈ పాము గిన్నెలను చూడవచ్చు. బహ్రెయిన్‌లో ఉన్న తెలుగువాళ్లు ఒక సెలవు రోజున తప్పక వెళ్లండి, పిల్లల్నీ తీసుకెళ్లండి.