ఒక లోపమా, రెండా? – అంతర్జాతీయ నేరాలపై ఢిల్లీ హైకోర్టు 2018 తీర్పు: విమర్శనాత్మక పరిశీలన

వ్యాససంగ్రహం:
1984 నవంబరు హత్యాకాండకు సంబంధించిన ఒక కేసులో ఢిల్లీ హైకోర్టు 2018లో తీర్పు చెప్తూ, జాతి నిర్మూలన, మానవాళిపై నేరాలు మన నేర చట్టంలో లేకపోవడాన్ని లోపంగా గుర్తించింది. ఆ గుర్తింపు విలువైనది. అయితే తీర్పు ఒకటిగా చూపిన లోపం నిజానికి రెండు వేర్వేరు లోపాలు. మొదటిది ఇచ్చిన మాట నిలుపుకోకపోవడం, రెండవది ఇంకా తీసుకోని నిర్ణయం. రెంటినీ కలిపి చూస్తే పరిష్కారం దారి తప్పుతుందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది. ఈ నేరాలకు తెలుగులో వాడుతున్న పదాలను కూడా ఇదే దృష్టితో పరిశీలిస్తుంది.

కీలకపదాలు: జాతి నిర్మూలన, మానవాళిపై నేరాలు, ఒడంబడిక, దేశీయ శాసనం, న్యాయ పదజాలం.

1. ఉపోద్ఘాతం

భారతదేశం ఒక అంతర్జాతీయ ఒడంబడికను ధ్రువీకరించినంత మాత్రాన అది దేశంలో చట్టం కాదు. ఒడంబడిక బాధ్యతలను గౌరవించేందుకు ప్రయత్నించాలని రాజ్యాంగం 51వ అధికరణం ఆదేశిక సూత్రంగా చెప్తుంది. వాటి అమలుకు దేశమంతటికీ వర్తించే చట్టం చేసే అధికారాన్ని 253వ అధికరణం పార్లమెంటుకు ఇస్తుంది. అటువంటి చట్టం వచ్చేవరకు దేశీయ చట్టానిదే పైచేయి అని జాలీ జార్జ్ వర్గీస్ కేసులో (1980) సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. కనుక ఒడంబడికను ధ్రువీకరించడం ఒక పని, దానిని స్వీకరించి శాసనం చేయడం మరొక పని. నేర చట్టం విషయంలో ఈ రెంటి మధ్య దూరం మరింత తీవ్రమైనది. శాసనంలో నిర్వచనం లేని నేరానికి న్యాయమూర్తి ఎంత సానుభూతి ఉన్నా శిక్ష విధించలేడు.

2. తీర్పు చెప్పినదేమిటి?

స్టేట్ వర్సెస్ సజ్జన్ కుమార్ కేసులో జస్టిస్ ఎస్. మురళీధర్, జస్టిస్ వినోద్ గోయల్‌ల ధర్మాసనం 2018 డిసెంబరు 17న తీర్పు వెలువరించింది. 1984 నవంబరు 1, 2 తేదీలలో ఢిల్లీలోని రాజ్‌నగర్‌లో అయిదుగురు సిక్కుల హత్యకు సంబంధించిన కేసు ఇది. 2013లో విచారణ కోర్టు నిర్దోషిగా విడుదల చేసిన రాజకీయ నాయకుడికి హైకోర్టు జీవితాంతం కారాగార శిక్ష విధించింది. ఆ నాలుగు రోజులలో ఢిల్లీలో 2,733 మంది సిక్కులు హతులయ్యారన్న అధికారిక లెక్కను ప్రస్తావించింది. నేరస్థులకు రాజకీయ అండ దొరికిందని వ్యాఖ్యానించింది. ఆర్మీనియన్ల హత్యలపై 1915లో బ్రిటన్, ఫ్రాన్స్, రష్యాలు చేసిన ప్రకటన నుండి 'మానవాళిపై నేరాలు' అన్న భావన ఎదిగిన తీరును గుర్తుచేసింది. జాతి నిర్మూలన, మానవాళిపై నేరాలు రెండూ మన నేర చట్టంలో భాగం కాలేదనీ, ఈ లోపాన్ని సత్వరం సరిదిద్దాలనీ కోరింది.

అయితే ధర్మాసనం శిక్ష విధించింది కుట్ర, హత్య, గృహదహనం, వర్గాల మధ్య వైరం రెచ్చగొట్టడం వంటి పాత శిక్షాస్మృతి నేరాలకే. పెద్ద నేరం పేరు తీర్పు వ్యాఖ్యానంలో ఉంది, శిక్షలో లేదు. ఈ అంతరం న్యాయమూర్తుల తప్పు కాదు. వారి చేతిలో ఉన్న శాసనం అంతవరకే అనుమతించింది.

3. రెండు లోపాలు

తీర్పు ఆ రెండు నేరాలనూ ఒకే వాక్యంలో, ఒకే లోపంగా చూపింది. విమర్శకు తావిచ్చేది ఇక్కడే.

జాతి నిర్మూలన విషయంలో భారతదేశం మాట ఇచ్చి ఉంది. 1946లో ఈ అంశాన్ని ఐక్యరాజ్య సమితి సాధారణ సభ ముందుకు తెచ్చిన మూడు దేశాలలో క్యూబా, పనామాలతో పాటు మనదీ ఒకటి. 1948 నాటి ఒడంబడికపై 1949లో సంతకం చేసి, 1959లో ధ్రువీకరించాం. అవసరమైన శాసనం చేస్తామని సభ్యదేశాలు ఆ ఒడంబడిక అయిదవ అధికరణంలో హామీ ఇస్తాయి. ఆరు దశాబ్దాలు దాటినా ఆ శాసనం రాలేదు. పాత శిక్షాస్మృతి స్థానంలో 2024 జూలై 1 నుండి అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహిత కూడా ఈ నేరాన్ని చేర్చుకోలేదు.

మానవాళిపై నేరాల సంగతి వేరు. వాటికి ఇంతవరకు ప్రత్యేక ఒడంబడిక లేదు. వాటిని నిర్వచించిన రోమ్ శాసనంపై 1998లో జరిగిన ఓటింగులో భారత్ తటస్థంగా ఉండిపోయింది. భద్రతా మండలికి ఇచ్చిన అధికారాలు, అణ్వాయుధ ప్రయోగాన్ని నేరాల జాబితాలో చేర్చకపోవడం మన అభ్యంతరాలలో ముఖ్యమైనవి. ఈ అభ్యంతరాలు హేగ్ న్యాయస్థానంలో చేరడానికి సంబంధించినవి. అవే నేరాలను మన చట్టంలో మనమే నిర్వచించుకోవడానికి అవి అడ్డు కావు.

ఈ తేడా వలన కలిగే ఫలితం సామాన్యమైనది కాదు. జాతి నిర్మూలనను రుజువు చేయాలంటే ఒక సముదాయాన్ని పూర్తిగా గాని, కొంత భాగం గాని నాశనం చేయాలన్న ప్రత్యేక ఉద్దేశాన్ని నిరూపించాలి. మానవాళిపై నేరానికి ఆ ఉద్దేశం అక్కరలేదు. పౌరులపై విస్తృతంగా లేదా క్రమబద్ధంగా జరిగిన దాడిలో, అది అటువంటి దాడి అని తెలిసి పాల్గొనడం చాలు. రాజకీయ అండ, పోలీసుల నిష్క్రియ, ఊరూరా ఒకే తీరున దాడులు – తీర్పు వర్ణించిన పరిస్థితికి దగ్గరగా ఉన్నది రెండవ నిర్వచనమే. కనుక ఒడంబడిక బాకీ తీర్చడానికి జాతి నిర్మూలన చట్టం ఒక్కటే చేసి ఊరుకుంటే, తీర్పును కలచివేసిన సమస్య అలాగే మిగిలిపోతుంది.

4. ఉన్న చట్టం చాలదా?

సాధారణ చట్టంతోనే శిక్ష పడింది కదా అన్నది బలమైన ప్రతివాదం. దానికి సమాధానం ఆ కేసులోనే ఉంది. శిక్ష పడడానికి 34 ఏళ్ళు పట్టింది. పడినది అయిదు హత్యలకు. ఆ అయిదింటినీ 2,733తో కలిపే సూత్రం చట్టం దృష్టిలో నేరాంశం కాదు, నేపథ్యం మాత్రమే. తన కింది సిబ్బంది నేరాన్ని ఆపగలిగి కూడా ఆపని పై అధికారిని అదే నేరానికి బాధ్యుణ్ణి చేసే నియమం శిక్షాస్మృతిలో లేదు.

న్యాయ సంహిత 103వ సెక్షన్ రెండవ ఉపసెక్షన్ ఒక అడుగు ముందుకు వేసింది. అయిదుగురు లేదా అంతకు మించిన గుంపు కులం, సముదాయం, భాష వంటి కారణాలతో చేసే హత్యను అది ప్రత్యేకంగా గుర్తిస్తుంది. కాని దాని చూపు చంపిన చేతుల మీదనే ఉంది. గుంపును నడిపించిన వ్యవస్థ మీద లేదు.

చట్టం చేసినా తలుపుకు తాళం మిగలవచ్చు. 1960 నాటి జెనీవా ఒడంబడికల చట్టం తీవ్ర యుద్ధనేరాలకు శిక్ష నిర్దేశించింది. కాని ప్రభుత్వం, లేదా అది నియమించిన అధికారి ఫిర్యాదు చేస్తేనే కోర్టు స్వీకరించాలి. రాజ్యం ప్రమేయం ఉండే నేరానికి ఫిర్యాదు చేసే అధికారం ఆ రాజ్యానికే వదిలిపెడితే స్వీకరణ కాగితానికే పరిమితమవుతుంది.

5. ఆలస్యానికి మూల్యం: సెనెగల్ అనుభవం

చాద్ మాజీ అధ్యక్షుడు హిస్సేన్ హబ్రే 1990లో పదవీచ్యుతుడై సెనెగల్‌లో ఆశ్రయం పొందాడు. సెనెగల్ 1986లోనే చిత్రహింసల వ్యతిరేక ఒడంబడికలో చేరింది. అయినా బాధితులు 2000లో డకార్ న్యాయస్థానాన్ని ఆశ్రయిస్తే, ఒడంబడికకు అనుగుణంగా దేశీయ స్మృతిని సవరించలేదు గనుక విచారణాధికారం లేదని 2001లో అక్కడి అత్యున్నత అప్పీలు కోర్టు తేల్చింది. 2007లో చట్టం సవరించారు. కొత్త చట్టాన్ని పాత నేరాలకు దేశీయ కోర్టులలో వర్తింపజేయరాదనీ, అంతర్జాతీయ స్వభావం గల ప్రత్యేక న్యాయస్థానం కావాలనీ 2010లో పశ్చిమాఫ్రికా ప్రాంతీయ న్యాయస్థానం చెప్పింది. చివరకు ఆఫ్రికన్ యూనియన్ ఒప్పందంతో 2013లో ఏర్పడిన ప్రత్యేక న్యాయస్థానం 2016 మే 30న యావజ్జీవ శిక్ష విధించింది.

మన రాజ్యాంగం 20వ అధికరణం కూడా నేరం జరిగిన నాటికి లేని చట్టంతో శిక్షించడాన్ని నిషేధిస్తుంది. టోక్యో విచారణలో రాధాబినోద్ పాల్ తన భిన్నాభిప్రాయ తీర్పులో గట్టిగా నిలబెట్టిన సూత్రమూ ఇదే. ఆ సూత్రం సడలరానిది. అందువల్లనే ఆలస్యం ఖరీదైనది. రేపు చేసే చట్టం 1984ను అందుకోదు. చట్టం లేకుండా గడిచే ప్రతి ఏడూ ఈ నిర్వచనాల పరిధికి శాశ్వతంగా వెలుపలే ఉండిపోతుంది.

6. తెలుగు పదజాలం

తీర్పులో కనిపించిన కలగాపులగం తెలుగులో ఇంకా ఎక్కువ. మారణహోమం, నరమేధం, ఊచకోత – మూడింటినీ పత్రికా రచన పర్యాయపదాలుగా వాడుతుంది. ఇవి మృతుల సంఖ్యనూ, దృశ్యం తీవ్రతనూ చెప్తాయి. నేరానికి ప్రాణమైన ఉద్దేశాన్ని చెప్పవు.

'జాతి నిర్మూలన' కొంత నయం. కాని మానవజాతి, స్త్రీజాతి, ఆంధ్రజాతి అంటూ 'జాతి' అన్ని దిక్కులకూ సాగుతుంది. వ్యవహారంలో కులాన్ని కూడా సూచిస్తుంది. 1948 ఒడంబడిక రక్షించేది నాలుగు రకాల సముదాయాలను. మతం ఒకటి కాగా, మిగిలిన మూడూ తెలుగులో 'జాతి' అన్న ఒక్క మాటలోకే జారిపోతాయి. కులం పేరు ఆ జాబితాలో లేదు. కారంచేడు (1985), చుండూరు (1991) దళితుల హత్యలకు ఆ ఒడంబడిక వర్తిస్తుందని పదాన్ని బట్టి పాఠకుడు భ్రమపడవచ్చు. మానవాళిపై నేరం నిర్వచనం ఏ పౌర సముదాయాన్నయినా రక్షిస్తుంది గనుక, తగినంత విస్తృతి గాని క్రమబద్ధత గాని ఉన్న కులదాడులకు వర్తించే అవకాశం దానికే ఎక్కువ. బాధితుని సముదాయాన్ని నేరాంశంగా గుర్తించడం, విధిని విస్మరించిన అధికారిని శిక్షించడం మనకు కొత్త కావనడానికి 1989 నాటి షెడ్యూల్డు కులాలు, తెగల అత్యాచార నిరోధక చట్టమే సాక్ష్యం.

'మానవత్వంపై నేరం' అన్న వాడుక క్రూరత్వాన్ని మాత్రమే స్ఫురింపజేస్తుంది. బాధితులు మనుషులందరి తరఫున దెబ్బతిన్నారన్న భావం 'మానవాళిపై నేరం'లో నిలుస్తుంది. అందుకే ఈ వ్యాసం ఆ మాటనే స్వీకరించింది.

7. ముగింపు

ఢిల్లీ హైకోర్టు తీర్పు చేసిన మేలు, మౌనాన్ని భంగపరచడం. దాని పరిమితి, రెండు ప్రశ్నలను ఒకటిగా అడగడం. జాతి నిర్మూలన చట్టం 1959 నుండి పార్లమెంటు బాకీ. దానికి కొత్త చర్చ అక్కరలేదు. మానవాళిపై నేరాల విషయంలో నిర్వచనం, పై అధికారి బాధ్యత, ఫిర్యాదు చేసే హక్కు – ఈ మూడింటిపై తాజా చర్చ అవసరం. ఈ నేరాలపై ప్రత్యేక ఒడంబడిక రూపొందించేందుకు 2028, 2029లలో సమావేశం జరపాలని సాధారణ సభ 2024 డిసెంబరులో నిర్ణయించింది. 1946లో చొరవ చూపిన దేశం అక్కడ ఏ వైఖరి తీసుకుంటుందన్నది గమనించదగినది. ఈసారి సంతకం చేస్తే, శాసనం ముసాయిదా కూడా దానితోపాటే సిద్ధం కావాలి.