వెనుదిరిగిన పొగ

నవంబరు వచ్చి, గడియారములను ఒక గంట వెనుకకు త్రిప్పి, సాయంకాలము నాలుగున్నరకే దీపములు వెలిగించుకొనవలసిన దినములు మొదలగుసరికి, మసాచుసెట్స్ నడిభాగములో కాపురమున్న మన తెలుగువారి నోట ఏటేటా వినవచ్చు ఫిర్యాదు ఒకటి కలదు. ముచ్చటపడి ఫైర్‌ప్లేసులో కట్టెలు పేర్చి నిప్పు పెట్టితిమనియు, పొగ గొట్టములోనికి ఎక్కుటకు మారుగా హాలులోనికి తిరిగివచ్చినదనియు, అలారము మ్రోగి పిల్లలు బెదరిపోయిరనియు, తలుపులు కిటికీలు బార్లా తెరచుటతో ఉన్న వెచ్చదనము కూడ పోయినదనియు చెప్పుదురు. ఆ మీదట కొందరు నిప్పుగూటికి అడ్డముగా టీవీ బల్లను జరిపి దాని మాటయే మఱచిపోవుదురు. మఱికొందరు చిమ్నీ కొనపై కరెంటుతో తిరుగు ఫ్యానును బిగింపింతురు. చిమ్నీ ఫ్యాను మేలైన సాధనమే. తగిన చోట దానిని చూచి మెచ్చుకొనినవాడను. అయితే పొగ ఎందుకు వెనుదిరిగినదో తెలిసికొనక మునుపే ఫ్యాను బిగించుట మాత్రము నాకు సమ్మతము కాదు.

పొగ తనంత తాను పైకి పోవునని మనము చిన్ననాటినుండి నమ్మియుందుము గాని, నిజమునకు దానిని పైకి నెట్టునది దాని క్రింద వచ్చి చేరు చల్లని గాలి. గొట్టములోని వేడిగాలి తేలిక, బయటి చలిగాలి బరువు. ఆ బరువుల భేదమే చిమ్నీకి పీల్పు. ఇరువది అడుగుల గొట్టములో ధూమము నూరు డిగ్రీల సెల్సియస్ వేడితో నిండియుండి, బయట నీరు గడ్డకట్టునంత చలి యున్నపుడు ఆ పీల్పు సుమారు 20 పాస్కల్‌లు, అనగా రెండు మిల్లీమీటర్ల నీటిపొర మోపునంతటి ఒత్తిడి. అంతటి మంటను నడుపునది ఇంత స్వల్పమైన బలమా యని విస్మయము కలుగక మానదు. నిప్పు రాజుకొను తొలి నిమిషములలో, గొట్టము ఇంకను చల్లగా నున్నపుడు, ఆ కాస్త బలమును దాదాపు శూన్యము. అట్టి సమయమున ఇంటిలో మఱెక్కడనైనను నాలుగైదు పాస్కల్‌ల ఎదురు లాగుడు పుట్టినచో పొగ దారి మార్చుకొనును.

ఈ సంగతిని లెక్కతో సహా గ్రహించినవాడు బెంజమిన్ ఫ్రాంక్లిన్. 1785లో, ఫ్రాన్సు దేశమున రాయబారపు పని ముగించుకొని, డెబ్బదితొమ్మిదేండ్ల ముదిమిలో ఫిలడెల్ఫియాకు ఓడపై తిరిగివచ్చుచు, పొగలు గ్రక్కు చిమ్నీల కారణములను, నివారణోపాయములను గూర్చి ఆ సముద్రముమీదనే ఒక దీర్ఘలేఖను వ్రాసెను. ఆ లేఖ ఇంగెన్‌హౌస్ అను వైద్యునికి. ఆకులు ఎండలో ప్రాణవాయువును విడుచునని 1779లో లోకమునకు చాటినవాడాయన. లేఖ వ్రాసిన మరుసటి యేట దానిని అమెరికన్ ఫిలసాఫికల్ సొసైటీవారు ప్రకటించిరి. అందు ఫ్రాంక్లిన్ తొమ్మిది కారణములను పేర్కొని, వానిలో మొట్టమొదట నిలిపినది గాలి కొఱత. క్రొత్త ఇండ్లలో పలకల అతుకులు, తలుపుల అంచులు మిక్కిలి బిగువుగా కుదురుటచేత గాలి లోనికి చొరదనియు, లోనికి గాలి రానిదే పైకి పొగ పోదనియు ఆయన వాదము. పరీక్ష కూడ చెప్పెను: నిప్పు బాగుగా రగిలిన పిమ్మట గది తలుపును మెల్లమెల్లగా మూయుచు, పొగ గదిలోనికి రానారంభించిన చోట ఆపి, మరల కొంచెము తెరచి, పొగ మానినంతట ఆ సందును కొలువవలెను. ఎనిమిదడుగుల తలుపునకు అర అంగుళము సందు కావలసివచ్చినచో ఆ గదికి 48 చదరపు అంగుళముల గాలిదారి అవసరమన్నమాట. రెండువందల నలుబదియేండ్లు గడచినను, ఒక్క పైస ఖర్చులేని ఈ పరీక్షను మించినది నేను ఎఱుగను.

ఫ్రాంక్లిన్ చెప్పిన బిగువు నేటి ఇండ్లలో ఎన్నో రెట్లు పెరిగినది. న్యూ ఇంగ్లండునకు తొలుత వలసవచ్చినవారు ఇంటి నట్టనడుమ పెద్ద ఇటుకల చిమ్నీ కట్టి దాని చుట్టును గదులు కూర్చుకొనిరి. నాలుగువైపుల ఇల్లే కప్పియుండుటచే ఆ గొట్టము చలికాలమంతయు వెచ్చగానుండి పీల్పు విడువకుండెను. తరువాతి కాలపు ఇండ్లలో పెక్కింట చిమ్నీ బయటి గోడకు అంటియున్నది. మూడు ప్రక్కల మంచుగాలి తగులుటచే తెల్లవారుసరికి దానిలోని గాలి బరువెక్కి, గొట్టపు మూతయగు డ్యాంపరు తెరచుటే తడవుగా కాళ్ళమీదికి జారును. నిప్పుగూడు బేస్‌మెంటులో నున్నచో చిక్కు ఇనుమడించును. వేడెక్కిన ఇంటినుండి పై అంతస్తులో గాలి బయటకు కారుచున్నంతసేపు క్రింది అంతస్తు బయటి గాలిని లోనికి లాగుచునే యుండును. ఆ లాగుడునకు చిమ్నీ రాజమార్గము. 1973 నాటి చమురు సంక్షోభము తరువాత ఇంధనము మిగుల్చుకొనవలెనని కిటికీలకు జంట అద్దములు, గోడలలో దూదివంటి పొరలు, సందులకు నురుగు పూడ్పులు వచ్చినవి. అది మంచిపనియే, కాని నిప్పుగూటికి అంతవఱకు దొంగచాటుగా అందుచుండిన గాలి దానితో ఆగిపోయినది.

వీటన్నిటికి తోడు మన వంటిల్లు. ఎండుమిరపకాయల పోపు ఘాటు, వేపుళ్ళ వాసన చలికోటులకు పట్టకుండ, నిమిషమునకు 900, 1200 ఘనపుటడుగుల గాలిని బయటకు తోడు హుడ్లను మనవారు ప్రీతితో పెట్టించుకొందురు. 400 ఘనపుటడుగులు దాటిన హుడ్డు ఉన్నచో, ఆ మేరకు బయటి గాలిని లోనికి తెచ్చు ఏర్పాటు ఉండవలెనని అమెరికాలోని గృహనిర్మాణ నియమావళి చెప్పుచున్నది. పాత ఇంటిలో పాత హుడ్డు ఊడదీసి క్రొత్తది బిగించునపుడు ఈ నియమమును తలచుకొనువారు అరుదు. తోడిన గాలికి బదులు గాలి ఎక్కడనుండియో రావలెను గదా! ఇంటికున్న రంధ్రములలో పెద్దది చిమ్నీయే.

దీనిని కన్నులారా చూచినది ష్రూస్‌బరీలో, నాకు తమ్మునివంటివాడొకని ఇంట. "బావగారూ, మా చిమ్నీ పాడైపోయిందండీ, ఫ్యాను పెట్టించేద్దామని ఈయన అంటున్నారు. మీరొకసారి వచ్చి చూస్తారా?" యని అతని భార్య ఫోను చేసినది. నేను వెళ్ళుసరికి చిమ్నీలు శుభ్రముచేయు పెద్దమనిషి ఒకడు అప్పటికే వచ్చియున్నాడు. అతడు నిచ్చెన ఎక్కలేదు, బ్రష్షులు దింపలేదు. ఇల్లంతయు తిరిగి, వంటింటిలో నిలిచి, పొయ్యిపై హుడ్డును ఒక్కనిమిషము తేరిపార చూచి, మీ యింట ధూపపు పుల్లలుండునుగదా, ఒకటి వెలిగించి తెండని అడిగెను. ఆమె దేవుని అలమరనుండి అగరువత్తి తెచ్చి యిచ్చినది. డ్యాంపరు తెరచి, నిప్పుగూటి పైపెదవి క్రింద దానిని పట్టగా, సన్నని పొగతీగ గొట్టమువైపు చూడనైన చూడక, గదిలోనికి వంగి, మ్యాంటెల్ బల్ల అడుగున పాకుచు వంటింటి దిక్కునకు సాగిపోయినది. పొయ్యిమీద పప్పుచారు మరుగుచున్నది. హుడ్డు పూర్తివేగముతో తిరుగుచున్నది. దానిని ఆపించెను. పొగతీగ తటపటాయించి, నిలువుగా నిలిచినది. తరువాత ప్రక్క కిటికీని రెండంగుళములు ఎత్తగా, అది చివ్వున పైకి లేచి గొట్టపు కంఠములో అదృశ్యమైనది. మరల కిటికీ మూసి హుడ్డు వేయగా మరల గదిలోనికే వంగినది. ఆ దంపతులిద్దరును మాటాడక చూచుచుండిరి. ముందు ఈ ఇంటికి గాలి కావలెను, ఫ్యాను సంగతి తరువాత చూతమని ఆయన చెప్పి, ఆ పూటకు వార్తాపత్రికను చుట్టగా చుట్టి, వెలిగించి, డ్యాంపరు నోట కొంతసేపు పట్టి గొట్టమును వెచ్చబెట్టి, కట్టెలకు నిప్పంటించి చూపెను. కిటికీ రెండంగుళములు తెరచియుండగా మంట నిటారుగా లేచినది. హుడ్డుతోబాటు తెరచుకొను గాలిగొట్టమొకటి పెట్టించుకొనిన పిమ్మట ఆ ఇంటికి ఫ్యాను అవసరమే రాలేదు.

గాలి చాలినను పొగ వచ్చు ఇండ్లు కలవు. అచ్చట నిప్పుగూటి నోటిని గొట్టముతో పోల్చి చూడవలెను. గొట్టపు లోపలి వైశాల్యము నోటి వైశాల్యములో సుమారు పదవవంతు ఉండవలెనని చేయితిరిగిన మేస్త్రీల లెక్క. గొట్టము గుండ్రనిదైనచో పండ్రెండవవంతు చాలును. నోరు పెద్దదైనచో, పైభాగమున ఒక రేకును అడ్డముపెట్టి కొంచెము కొంచెముగా దింపుచు పొగ ఎక్కడ ఆగునో చూచి, అంత వెడల్పు పట్టీని శాశ్వతముగా బిగింపవచ్చును. పలకలతో నోటిని తగ్గించి చూడుమని ఫ్రాంక్లిన్ ఈ ఉపాయమును కూడ చెప్పియే యున్నాడు. గొట్టము పొట్టిదైనచో ఎత్తు పెంచవలెను: కప్పును చీల్చుకొని వచ్చిన చోటికి కనీసము మూడడుగులు, పదియడుగుల లోపలనున్న దేనికంటెనైనను రెండడుగులు పైకి ఉండవలెనని నియమము.

కొలతల మాట వచ్చినది గనుక మఱొకరిని తలచుకొనవలెను. బోస్టను చుట్టు తిరుగు 128వ రహదారిపై రోజును కార్యాలయములకు పోవు మన ఇంజనీర్లు వూబర్న్ పట్టణమును దాటుచునే యుందురు. 1753లో అచ్చట పుట్టిన బెంజమిన్ థాంప్సన్, విప్లవకాలమున ఇంగ్లండు రాజు పక్షము వహించి, దేశము విడిచి, బవేరియాలో కొలువుచేసి రంఫర్డు కౌంటు అయ్యెను. ఫ్రాంక్లిన్ పుట్టినది బోస్టనులో. పదిమైళ్ళ యెడములో పుట్టి, ఒకే పేరు మోసి, రాజకీయములలో ఎదురుబొదురుగా నిలిచిన వీరిద్దరును పొగ విషయమున ఏకాభిప్రాయులు. రంఫర్డు 1796లో ప్రకటించిన వ్యాసమున నిప్పుగూటి లోతు తగ్గించి, ప్రక్కగోడలను ఏటవాలుగా తెరచి, కంఠమును నాలుగంగుళములకు కుదించుమని బోధించెను. వేడి గదిలోనికి, పొగ గొట్టములోనికి పోవుటకు ఆ కొలతలు నేటికిని ఆదర్శములు. ఆయన పుట్టిన ఇల్లు ఉత్తర వూబర్న్‌లో నిలిచియున్నది. మనవారు పిల్లలను తీసికొనిపోయి చూపదగినది.

పొగ మాట మనకు వినోదము కాదు. ఊదుగొట్టముతో నిప్పు నూదుచు, కొంగుతో కండ్లొత్తుకొనుచు వండి పెట్టిన తల్లుల బిడ్డలము మనము. హైదరాబాదు ఇంజనీరింగు పరిశోధనాలయములో డాక్టరు ఎస్. పి. రాజు మట్టిపొయ్యికి పొగగొట్టము కూర్చి, సామాన్యుల వంటిండ్లకు పొగ తప్పించు మార్గమును చూపి, దానిపై రచించిన చిన్న పుస్తకము 1953లో మద్రాసున వెలువడినది. ఆయన పేరు నేడు ఎందఱికి తెలియును? ష్రూస్‌బరీలో కిటికీ ఎత్తిన పెద్దమనిషిని చూచినపుడు నాకు ఆయనయే జ్ఞప్తికి వచ్చెను.

ఇక ఫ్యాను. గాలి చాలి, నోరు సరిపడి, గొట్టము శుభ్రమైయుండియు పొగ వెనుదిరుగుచున్నచో, లేక ప్రక్కన కొండయో ఎత్తైన భవనమో యుండి గాలి చిమ్నీ తలపై పడుచున్నచో, లేక పాత ఇంటిలో గొట్టము ఇఱుకై దానిని వెడల్పుచేయు వీలు లేనిచో, అప్పుడు ఫ్యానును మించినది లేదు. వేడికి తాళు లోహపు పెట్టెలో రెక్కల చక్రముండును. మోటారు పొగ తగులని ప్రక్క అరలో నుండును. ఏటేటా బ్రష్షు దింపుటకు వీలుగా పెట్టె కీలుపై తెరచుకొనును. వేగమును హెచ్చించి తగ్గించు మీట నిప్పుగూటి చెంత గోడపై నుండును. డెన్మార్కున పుట్టిన ఎగ్జాస్టో ఫ్యానులు ఒకప్పుడు ఈ దేశమున పేరెన్నికగన్నవి. ఫ్యాను కొననే ఉండుటలో ఒక మహోపకారము గలదు: క్రిందనుండి నెట్టు ఫ్యానైనచో గొట్టములోని పగుళ్ళనుండి పొగ గదులలోనికి చిమ్మును, పైనుండి లాగునదైనచో ఆ పగుళ్ళద్వారా గదిగాలియే గొట్టములోనికి పోవును గాని పొగ బయటకు రాదు. అగ్గిపుల్ల గీయుటకు ముందే ఫ్యాను వేసి, మంట నిలద్రొక్కుకొనిన పిమ్మట వేగమును తగ్గించుకొనవలెను. హెచ్చువేగమున నడిపినచో కట్టెలు త్వరగా హరించిపోవుటయే గాక, ఇంటి వేడిమియంతయు ఆకాశమునకు అర్పణమగును.

బిగించిననాడే చేయవలసిన పరీక్ష ఒకటి కలదు. దీనిని వదలువారిని చూచినపుడు నాకు భయము కలుగును. ఫ్యాను, హుడ్డు, బట్టలారబెట్టు యంత్రము మూడింటిని ఒకేసారి నడిపించి, తలుపులన్నియు మూసి, బేస్‌మెంటులోని గ్యాసు వాటర్ హీటరు గొట్టపు మొదట అగరువత్తి పట్టి చూడవలెను. పొగ లోనికి పోక వెలికి వచ్చినచో, మీరు హాలులో పొగను తప్పించుకొని, నేలమాళిగలో విషవాయువును కొనితెచ్చుకొన్నారన్నమాట. ఫ్యానునకు కూడ గాలి ఎక్కడనుండియో రావలసినదే.

కరెంటు పోయిన రాత్రి సంగతి వేఱు. 2008 డిసెంబరు మంచుతుపానులో చెట్లకొమ్మలు గాజువలె గడ్డకట్టి విఱిగి తీగలపై పడగా, ఇచ్చట లక్షలాది ఇండ్లు చీకటైనవి. కొన్ని ఊళ్ళలో వారము దాటినను వెలుగు రాలేదు. చలిమంట అన్నిటికంటె అవసరమైన వేళ అది. అట్టి నాడు ఫ్యాను తిరుగదు గనుక, ఫ్యాను లేకున్నను కిటికీ తెరచి, చిన్నమంటతో, పీల్పు నడచునా యని ముందే పరీక్షించి యుండవలెను; నడువనిచో ఆ నిప్పుగూటిని ఆ రాత్రికి ముట్టరాదు.

మంట ఆరి, ఎఱ్ఱని బొగ్గులు మాత్రము మిగిలినపుడు చూపునకు పొగ యుండదు, వాసన యుండదు. కాని కార్బన్ మోనాక్సైడ్ ఎక్కువగా పుట్టునది అప్పుడే, గొట్టము చల్లబడి పీల్పు సన్నగిల్లునదియు అప్పుడే. పడుకొనబోవుచు కరెంటు వృథాయని ఫ్యాను ఆపువారు కలరు. ఆపరాదు. తక్కువ వేగమున తెల్లవార్లు తిరుగనిచ్చి, ఉదయమున బూడిదను గరిటతో త్రవ్వి, అడుగున ఒక్క కణికయైన ఎఱుపు లేదని చూచుకొని, మూతగల ఇనుప బక్కెటలోనికి ఎత్తి ఇంటికి దూరముగా బయటపెట్టి, ఆ తరువాతనే ఫ్యాను ఆపి, డ్యాంపరు మూయవలెను. పడకగది వాకిట కార్బన్ మోనాక్సైడ్ అలారము మసాచుసెట్స్‌లో 2006 నుండి చట్టరీత్యా ఉండవలసినదే. దాని బ్యాటరీని తొలి నిప్పు వేయు దినముననే మార్చుకొనుడు.