పాల్ నిజాన్ నవలల్లో ద్రోహి

నిబద్ధ రచయితల ప్రస్తావన వచ్చినప్పుడు ఫ్రెంచి నవలాకారుడు పాల్ నిజాన్ (1905-1940) రాజీనామా గురించి చెప్పుకున్నంతగా అతని నవలల గురించి చెప్పుకోరు. 1939 ఆగస్టులో సోవియట్-జర్మన్ ఒడంబడిక కుదిరింది. సెప్టెంబరులో అతను కమ్యూనిస్టు పార్టీ విడిచాడు. పార్టీ నాయకుడు తొరేజ్ అతన్ని పోలీసు ఏజెంటన్నాడు. 1940 మేలో నిజాన్ డంకర్క్ సమీపంలో యుద్ధంలో చనిపోయాడు. నింద మాత్రం చావలేదు. 1947లో సార్త్ర్, కామూ, మోరియాక్ మొదలైనవారు రుజువు చూపమన్నారు. ఎవరూ చూపలేదు. ఒడంబడికపై నిజాన్ అంచనా తప్పా ఒప్పా అన్నది రాజకీయ చర్చ. పోలీసు ఏజెంటనడం వేరు.

అసలు ద్రోహం ఎక్కడ మొలకెత్తుతుందో అంత ఓపిగ్గా వెతికిన రచయిత ఆ తరంలో మరొకరు నాకు కనబడరు. 1933లో వచ్చిన 'ఆంత్వాన్ బ్లోయే' కథానాయకుడు రైల్వే కార్మికుడి కొడుకు. చదువుకుని ఇంజనీరవుతాడు. పై అధికారి కూతుర్ని పెళ్ళాడతాడు. సమ్మె వచ్చేనాటికి యాజమాన్యం పక్షాన ఉంటాడు. అతన్నెవరూ కొనలేదు. ఒక్కో ప్రమోషనూ తనవాళ్ళకు అతన్ని ఎంత దూరం చేసిందో నిజాన్ జీతాల పట్టీ రాసినంత నింపాదిగా రాస్తాడు. యుద్ధకాలంలో అతని అజమాయిషీలో తయారైన ఫిరంగి గుళ్ళలో లోపాలు బయటపడగానే కంపెనీ అతన్ని పక్కకు నెడుతుంది. వెనక్కి వెళ్దామంటే అక్కడ తనవాళ్ళెవరూ మిగల్లేదు. నిజాన్ తండ్రిదీ రైల్వే కొలువే. పేదింట పుట్టి ఉద్యోగాల్లో కుదురుకున్న మనలాంటివాళ్ళను ఈ నవల ఇబ్బంది పెడుతుంది, పెట్టాలి కూడా.

1938 నాటి 'కుట్ర'లో ప్లూవినాజ్ నిజంగానే ఇన్‌ఫార్మరు. విప్లవ పత్రిక నడిపే విద్యార్థుల్లో ఒకడు. సంపన్నుల బిడ్డలైన మిత్రుల మధ్య తనకు విలువ లేదని లోలోపల కుమిలిపోతాడు. అతని తండ్రి మరణాల నమోదు ఆఫీసులో ఉద్యోగి. చివరికి అజ్ఞాతంలో ఉన్న కమ్యూనిస్టు నాయకుడి జాడ పోలీసులకు చెప్తాడు. నిజాన్ అతని చేతే సుదీర్ఘమైన వాంగ్మూలం రాయించాడు. ఎక్కడా క్షమించలేదు, ఎక్కడా అర్థం చేసుకోవడం మానలేదు.

1949లో ఆరగాన్ 'కమ్యూనిస్టులు' నవల మొదలుపెట్టినప్పుడు నిజాన్ పోలికలతో ఓర్ఫిలా అనే ద్రోహిని సృష్టించాడు. ప్లూవినాజ్ పక్కన పెడితే అది వట్టి వ్యంగ్యచిత్రం. 1960లలో నవల తిరగరాస్తూ ఆ పాత్రను ఆరగానే తీసేశాడు.