ఓరుగల్లులో ఓడి రంగస్థలం మీద గెలిచిన రాజు

వర్గల్ గుట్ట మీద విద్యా సరస్వతి గుడికి పిల్లల అక్షరాభ్యాసానికి వచ్చేవాళ్లు అక్కడి పాత ఆలయాలనూ, ఎత్తైన రాతి స్తంభాన్నీ చూసే పోతారు. అది కాకతీయుల విజయస్తంభమని చెబుతారు. కాకతీయుల పేరు ఘనంగా చెప్పుకునే ఊళ్లు తెలంగాణలో చాలానే ఉన్నాయి. కానీ ఆ వంశంలో చివరివాడైన ప్రతాపరుద్రుడి కథకు విజయం దక్కలేదు. 1323లో ఢిల్లీ సేనలు ఉలుగ్ ఖాన్ నాయకత్వంలో ఓరుగల్లును పట్టుకున్నాయి. బందీగా ఢిల్లీకి తరలిస్తుండగా నర్మదా తీరంలో రాజు కన్నుమూశాడని ముసునూరి ప్రోలయ నాయకుడి విలస శాసనం చెబుతోంది.

అయిదు వందల డెబ్భై ఏళ్లు దాటాక ఆ రాజు తిరిగొచ్చాడు. 1897లో అచ్చయిన వేదం వేంకటరాయశాస్త్రి గారి 'ప్రతాపరుద్రీయం' నాటకంలో ఆయన నర్మద దగ్గర చనిపోడు. ఢిల్లీ చెరలో ఉంటాడు. మంత్రి యుగంధరుడు మారువేషంలో వెళ్లి రాజును విడిపించుకు రావడమే కాదు, సుల్తాన్‌నే పట్టుకొస్తాడు. చరిత్ర పరీక్షలో ఇలా రాస్తే సున్నా వేస్తారు. నాటకాన్ని మాత్రం తెలుగువాళ్లు నెత్తిన పెట్టుకున్నారు.

చారిత్రక నాటకానికి ఈ స్వేచ్ఛ కొత్తది కాదు. షేక్‌స్పియర్ చనిపోయిన ఏడేళ్లకు, 1623లో, ఆయన నాటకాలను సంపుటంగా వేసినవాళ్లు పది నాటకాలను చరిత్రలని విడిగా చేర్చారు. రెండో రిచర్డు, నాలుగో హెన్రీ, అయిదో హెన్రీ, మూడో రిచర్డు వంటి రాజుల కథలవి. చాలావాటికి ముడిసరుకు హోలిన్‌షెడ్ చరిత్ర గ్రంథం. షేక్‌స్పియర్ దాన్ని ఉన్నదున్నట్టు దించలేదు. 1403లో ష్రూస్‌బరీ యుద్ధంలో తిరుగుబాటు చేసిన హాట్‌స్పర్‌కు నిజానికి నాలుగో హెన్రీ కొడుకు, యువరాజు హాల్ కంటే ఇరవై ఏళ్లకు పైగా వయసెక్కువ. 'నాలుగో హెన్రీ' నాటకంలో ఇద్దరూ ఈడుజోడు కుర్రాళ్లు. ఒకడు కత్తి పట్టి పేరు తెచ్చుకుంటుంటే ఇంకొకడు సారాకొట్టులో తాగుబోతు ఫాల్‌స్టాఫ్‌తో కాలక్షేపం చేస్తుంటాడు. కొడుకుని చూసి కుమిలిపోయే తండ్రి ఎదుట ఆ పోలిక నిలబడాలంటే వయసు మార్చక తప్పదు. ఇది చరిత్ర తెలియక చేసిన పని కాదు. చరిత్రలో ఏళ్ల తరబడి పరుచుకున్న ఒత్తిడిని రెండు గంటల్లోకి కుదించే పనితనం.

రెండో పనితనం రహస్యాన్ని ప్రేక్షకుడి చేతిలో పెట్టడం. కథ ఎలా ముగుస్తుందో ముందే తెలిసిన జనాన్ని కూర్చోబెట్టడం తేలిక కాదు. హాల్ తాగుబోతులతో తిరుగుతూనే, సమయం వచ్చినప్పుడు ఈ ముసుగు తీసేస్తానని మనకు మాత్రమే చెబుతాడు. యుగంధరుడు ఇంకో మెట్టు పైకెక్కాడు. పిచ్చివాడి వేషంలో ఢిల్లీ వీధుల్లో తిరుగుతూ సుల్తాన్‌ను పట్టుకుపోతానని బాహాటంగానే అరుస్తాడు. దాచాల్సిన మాటను నడివీధిలో చెబుతాడు. పిచ్చివాడి మాట గనుక అక్కడివాళ్లు నవ్వుతారు. ఆ నవ్వే అతనికి కవచం. ప్రేక్షకులూ నవ్వుతారు, కానీ వాళ్ల నవ్వు వేరు: ఆ మాట నిజమవుతుందని వాళ్లకు తెలుసు. మంత్రి పిచ్చివేషం వేసి రాజును విడిపించడం ఉదయనుడి కథలో, కథాసరిత్సాగరంలో ఉన్నదే. వేదం వారు దాన్ని ఓరుగల్లుకు అతికించిన తీరు చూడాలి, ఎక్కడా అతుకు కనబడదు.

మూడోది భాష. 'అయిదో హెన్రీ' సేనలో వేల్స్, స్కాట్లండ్, ఐర్లండ్ దళపతులు ఎవరి యాసలో వాళ్లు వాదించుకుంటారు. సేన ఒకటే అయినా నోళ్లు అనేకమని ప్రేక్షకుడి చెవికి తెలుస్తుంది. వేదం వారి నాటకంలోనూ అంతే. రాజూ మంత్రీ గ్రాంథికం మాట్లాడతారు, చాకలి పేరిగాడు ఇంట్లో మాట్లాడే తెలుగే మాట్లాడతాడు, ఢిల్లీ వాళ్లది తురక యాస. దీనికే పాత్రోచిత భాష అని పేరొచ్చింది. చిత్రమేమిటంటే వేదం వారు గ్రాంథిక పక్షం పెద్దల్లో ఒకరు. సంస్కృత నాటకంలో రాజు సంస్కృతం, సేవకులు ప్రాకృతం మాట్లాడరా అని ఆ సంప్రదాయాన్నే అండ చేసుకుని వాడుక మాటను వేదిక ఎక్కించారు. వాడుక భాషలోనే సాగే 'కన్యాశుల్కం' తొలి కూర్పు వెలువడిందీ ఆ 1897లోనే.

ఈ పేరిగాడికి ప్రతాపరుద్రుడి పోలికలున్నాయి. యుగంధరుడు ఆ పోలికను తన ఎత్తులో వాడుకుంటాడు. కిరీటం పెట్టుకున్న చాకలిని చూసి జనం నవ్వుతారు. కానీ ఆ నవ్వు చల్లారాక మనసులో ఒక ప్రశ్న మిగులుతుంది: మనిషి అతనే, దుస్తులు మారితే దణ్ణాలు ఎందుకు మారాయి? 'రెండో రిచర్డు'లో రాజు తన చేత్తో కిరీటం ఇచ్చేసే ఘట్టం అడిగేదీ ఇదే. ఆ ఘట్టం 1597 నాటి తొలి ముద్రణలో లేదు, 1608లో గాని అచ్చు కాలేదు. 1601లో రాణిపై ఎసెక్స్ ప్రభువు తిరుగుబాటుకు ముందురోజు అతని మనుషులు డబ్బిచ్చి మరీ ఈ నాటకం ఆడించుకున్నారు. పాత రాజు కథ కొత్త రాజ్యాన్ని కలవరపెట్టగలదని ఇరుపక్షాలకూ తెలుసు.

పొగడ్తలో ఈ పదును ఉండదు. ప్రతాపరుద్రుడు బతికుండగానే ఆస్థాన కవి విద్యానాథుడు తన అలంకార గ్రంథంలో నాటకానికి ఉదాహరణగా 'ప్రతాపరుద్ర కల్యాణం' అనే చిన్న నాటకం రాశాడు. అందులో రాజుకు లోపమే లేదు. పండితులు దాన్ని లక్షణాల కోసం చదువుతారు. జనం గుర్తుపెట్టుకున్నది మాత్రం పిచ్చి యుగంధరుణ్ణీ, చాకలి పేరిగాణ్ణీ.

వేదం వారి నాటకానికీ హద్దులున్నాయి. పరాయి పాలనలో ఉన్న ప్రేక్షకులకు పరాయి చెర నుంచి రాజు బయటపడటం ఎంత ఊరటో చెప్పనక్కర్లేదు. ఆ ఊరట కోసం ఢిల్లీ వాళ్లను చాలాచోట్ల నవ్వులపాలు చేశారు. శత్రువుకు కూడా ఒక మనసుందని చూపించే ఓపిక అందులో తక్కువ. షేక్‌స్పియర్ హాట్‌స్పర్‌ను చంపించే ముందు మనచేత అతన్ని ప్రేమింపజేస్తాడు. బళ్లారిలో కోలాచలం శ్రీనివాసరావు గారి విజయనగర నాటకంలో పఠాన్ రుస్తుంగా బళ్లారి రాఘవ అంత పేరు తెచ్చుకున్నారంటే, అవతలి పక్షం పాత్రకూ ప్రాణం పోయవచ్చని తెలుగు నటుడికి తెలియకపోలేదు.

ప్రతాపరుద్రుడికి మూడో ముఖం ఒకటుంది. అది నాటకశాలలో లేదు, మేడారంలో ఉంది. సమ్మక్క సారలమ్మల కథలో కరువు కాలంలో కప్పం కట్టలేదని కోయల మీదికి సేనను పంపిన రాజు ఆయనే. రెండేళ్లకోసారి లక్షల మంది బెల్లం మోసుకెళ్లి మొక్కేది ఆ సేనతో పోరాడిన ఆడవాళ్లకు. అంటే ఒకే రాజు శాసనంలో ఓడిపోయినవాడు, వేదికపై గెలిచినవాడు, అడవిలో దండెత్తినవాడు. ఏది నిజమని తేల్చడం చరిత్రకారుల పని. ఈ మూడు ముఖాలూ ఒకదాన్నొకటి చూసుకునేలా చేయగలిగేది నాటకం.

షేక్‌స్పియర్ చేసింది అదే. రాజసభ, తిరుగుబాటుదారు డేరా, సారాకొట్టు, మూడింటినీ ఒకే తెర ముందు నిలబెట్టి ఎవరి మాట వాళ్ల చేత చెప్పించాడు. నాలుగు వందల ఏళ్లుగా ఆ నాటకాలు నిలిచింది ఇంగ్లండు రాజుల మీద ప్రపంచానికున్న మోజుతో కాదు, పాలించేవాణ్ణి పాలితుల నడుమ నిలబెట్టి చూసే అవకాశం ఇస్తాయి గనుక. మనకు ఓరుగల్లు కోట ఉంది, పేరిగాడు ఉన్నాడు, సమ్మక్క ఉంది. తలా ఒక వేదిక మీద, ఒకరి మాట ఒకరికి వినబడనంత దూరంలో ఉన్నారు. ప్రతాపరుద్రుడు ఢిల్లీ నుంచి తిరిగొచ్చిన నాటకాన్ని మనం ఆడుకున్నాం. అదే రాజు సమ్మక్క ఎదుట నిలబడి కప్పం ఎందుకడిగాడో సంజాయిషీ చెప్పుకునే నాటకం రాసేవాళ్లు కావాలి. ఆ అంకంలో ఆయన గెలవకపోయినా ఫర్వాలేదు.